అడుగు గీత

మా అమ్మ ముప్ఫై ఏళ్ళపాటు పిల్లలకు ఫియర్డ్ అంటే ఏమిటో చెప్పింది. హిమానీనదం కొండను తొలుచుకుంటూ పోతుంది, యు ఆకారంలో లోయ ఏర్పడుతుంది, మంచు కరిగాక సముద్రం లోపలికొస్తుంది, రాసుకోండి. రాస్తే రెండు మార్కులు, పటం గీస్తే ఇంకో రెండు. ఇంత చెప్పిన మనిషి అప్పటికి చూసిన పెద్ద నీళ్ళు మంగినపూడి సముద్రం, పెద్ద కొండ తిరుమల.

కృష్ణా జిల్లాలో ఆవిడ పనిచేసిన జిల్లా పరిషత్ హైస్కూల్లో సోషల్ టీచర్లు ఇద్దరు. రెండో ఆవిడ అమ్మ స్నేహితురాలు. చుట్టరికం ఏమీ లేకపోయినా నేను ఆవిడను పిన్నీ అనే పిలిచేదాన్ని. ఇద్దరూ ఒకే స్టాఫ్‌రూములో, ఒకే బల్లకు అటూ ఇటూ కూర్చుని, ఒకే క్యారేజీలోంచి తిన్నారు. ఒక్క విషయంలో మాత్రం చచ్చినా రాజీపడలేదు. ఫియర్డ్ అడ్డుకోత పటంలో నీళ్ళ కింద ఉండే లోయ అడుగును ఎలా గియ్యాలి? అమ్మ చుక్కల గీత గియ్యాలంటుంది. కనపడనిదాన్ని చుక్కలతో చూపించడం పద్ధతి అని ఆవిడ వాదన. పిన్ని నిండు గీత గియ్యాలంటుంది. "రాయే కదే అది! నువ్వు చూడకపోతే లేనట్టా?" అని ఆవిడ వాదన.

ఒకసారి ఇన్‌స్పెక్షన్ వస్తోందని తొమ్మిదో తరగతి గోడ మీద ఆ పటాన్ని రంగులతో వేశారు. అమ్మ సాయంత్రం చుక్కలు పెట్టి ఇంటికొచ్చింది. మర్నాడు పొద్దున్నకల్లా ఆ చుక్కలన్నీ కలిసిపోయి నల్లటి గీత అయి ఉంది. అమ్మ నీలిరంగుతో మధ్యమధ్య చెరిపేసి మళ్ళీ చుక్కలు చేసింది. ఇలా మూడు రోజులు జరిగింది. పిల్లలు వెధవలు కారు, పేపర్లు ఎవరు దిద్దుతారో ముందే కనుక్కుని, ఆవిడకు నచ్చిన గీత గీసేవాళ్ళు.

ఇద్దరూ రిటైరయ్యారు. పిన్నికి గుండె జబ్బు వచ్చింది. గొడవ మాత్రం ఆరోగ్యంగానే ఉంది. అమ్మ ఆరు నెలల విజిటర్ వీసా మీద మెల్‌బోర్న్‌లో మా ఇంటికి వచ్చినప్పుడు కూడా ప్రతి ఆదివారం వీడియో కాల్లో ఎక్కడో ఒకచోట ఆ గీత ప్రస్తావన వచ్చేది.

ఇక నా సంగతి. ఆఫీసులో నా పని ఇతరుల పనులకు తేదీలు వెయ్యడం. ఇంట్లోనూ అదే జబ్బు. స్కూలు సెలవుల్లో అమ్మనీ, పదిహేనేళ్ళ మా అమ్మాయినీ న్యూజీలాండ్ తీసుకెళ్ళాలని నేనే నిర్ణయించి, నేనే అన్నీ బుక్ చేసి, గంటగంటకీ ఏం చెయ్యాలో పట్టిక వేసి ఫ్రిజ్‌కు అంటించాను. మా ఆయనకు ఆ వారం ఆన్‌కాల్ డ్యూటీ పడింది. పట్టిక చూసి, డ్యూటీ పడినందుకు లోపల సంతోషించాడనే నా అనుమానం.

మిల్‌ఫర్డ్ సౌండ్ వెళ్తున్నామని చెప్పగానే అమ్మ అడిగిన మొదటి ప్రశ్న, "అది ఫియర్డేనా?" అవునన్నాను. వెంటనే పిన్నికి ఫోన్ చేసింది. ఆవిడ మంచం మీద దిండ్లకు ఆనుకుని కూర్చుని ఉంది, ముఖం పీక్కుపోయింది, గొంతు మాత్రం అదే.

"ఒసే, అడుగు గీత సంగతి తేల్చుకుని రా. నేను పోయేలోపు తేలాలి."

"నువ్వెక్కడికి పోతావే? పాపీ చిరాయువు అన్నారు" అంది అమ్మ.

ఇద్దరూ దగ్గొచ్చేదాకా నవ్వారు.

క్వీన్స్‌టౌన్‌లో తెల్లారగానే కోచ్ ఎక్కాం. పైకప్పు సగం అద్దమే. డ్రైవరే గైడు కూడా. నెరిసిన గడ్డం, మెడలో మైకు, ప్రతి వంపు దగ్గరా ఒక జోకు. అమ్మ చీర మీద చలికి నా పాత పఫర్ జాకెట్టు, కాళ్ళకు మా అమ్మాయి స్నీకర్లు వేసుకుని కిటికీ పక్కన కూర్చుంది. చేతిలో చిన్న నోటుపుస్తకం. మొదటి పేజీలో తెలుగులో, స్కూలు అక్షరాల్లో, 'దానికి చెప్పాల్సినవి' అని రాసి కింద గీత కొట్టింది. స్నేహితురాలిని ఆవిడ ఏనాడూ పేరు పెట్టి పిలవలేదు. అది, ఒసే, దొంగమొహంది, అంతే.

తే అనౌ అనే ఊరి దగ్గర టీకి ఆపారు. ఇక్కడినుంచి ముందుకు వెళ్తే సాయంత్రం తిరిగొచ్చేదాకా ఫోన్లు పనిచెయ్యవు, ఇంటికి చెప్పాల్సినవి ఇప్పుడే చెప్పుకోండి అన్నాడు డ్రైవరు. అమ్మ ఫోను హోటల్ వైఫై ఉంటేనే పనిచేస్తుంది కనుక ఆవిడకు ఆ బాధ లేదు. బ్లూబెర్రీ మఫిన్ తింటూ, ఇది మన కప్ కేకే కదా, దీనికింత పేరెందుకు అని మా అమ్మాయితో వాదిస్తోంది. నేను ఫోను తీశాను. పిన్ని కొడుకు దగ్గరనుంచి మెసేజి ఉంది. "అక్కా, అమ్మ ఇందాకే పోయింది. నిద్రలోనే. పెద్దమ్మకి నువ్వే చెప్పు. నాకు చేతకావట్లేదు."

నేను అక్కడే, టీ కప్పు చేతిలో పట్టుకుని, ఆ నాలుగు వాక్యాలూ నాలుగుసార్లు చదివాను. బస్సు హారన్ కొట్టింది. అమ్మ నావైపు చూసి, "ఏమే, ఏమన్నా పనా? ఆఫీసువాళ్ళు ఇక్కడా వదల్లేదా?" అంది.

"ఆఁ, ఆఫీసే" అన్నాను.

అలా అబద్ధం మొదలైంది. చావు కబురు చల్లగా చెప్పినట్టు అని సామెత ఉంది కదా. నాకు చల్లగా చెప్పడమూ చేతకాలేదు, వేడిగా చెప్పడమూ చేతకాలేదు. బస్సెక్కి, ముప్ఫై ఏళ్ళు చెప్పిన పాఠాన్ని ఇవాళ మొదటిసారి చూడబోతోంది, చూడనీ, సాయంత్రం చెబుతాను అనుకున్నాను. కబురుకు కూడా ఒక తేదీ, ఒక టైము వేసేశాను. సిగ్నల్ గీతలు ఒక్కొక్కటే పోయి, ఫోను చచ్చిపోయినప్పుడు, నిజం చెప్పాలంటే నాకు ఊరటగా అనిపించింది.

ఆ తరవాతి దారి నేను మరచిపోలేను. ముందు పసుపుపచ్చ గడ్డి లోయ, అటూ ఇటూ నల్లటి అడవి. తరవాత అడవి రోడ్డు మీదికే వచ్చేసింది. చెట్ల మొదళ్ళకూ కొమ్మలకూ పచ్చటి నాచు, తడి కంబళి కప్పినట్టు. వాన మొదలైంది. నా మొహం మాడిపోయింది, ఎందుకంటే పట్టికలో వాన లేదు. డ్రైవరు మాత్రం మైకులో, మీ అదృష్టం, వాన పడితేనే ఇక్కడ కొండలు బతుకుతాయి అన్నాడు.

అతను అన్నదేమిటో ఒక వంపు తిరిగాక తెలిసింది. లోయ ఒక్కసారిగా తెరుచుకుంది. రెండు పక్కలా రాతిగోడలు, మేఘాల్లోకి నిటారుగా. ఆ గోడలనిండా జలపాతాలు. ఒకటి కాదు, పది కాదు, లెక్కపెట్టడం మొదలుపెట్టి మానేశాను. సన్నవి, వెడల్పువి, మధ్యలోనే గాలికి చెదిరి కిందికి చేరనివి. అద్దపు కప్పులోంచి మెడలు వెనక్కి వంచి చూస్తున్నాం, కొండ కొస మాత్రం ఎవరికీ కనపడలేదు.

అమ్మ నడుస్తున్న బస్సులో లేచి నిలబడింది.

"చూడవే, చూడు! అడుగు చదును, పక్కలు నిటారు. యు! అచ్చం యు! మేం గీసినట్టే ఉందే!"

డ్రైవరు అద్దంలో చూసి కూర్చోమన్నాడు. అమ్మ కూర్చుని నోటుపుస్తకం తెరిచింది. ఒకటి, యు ఆకారం నిజమే అని రాసింది. దానికి చెప్పాలి అని పైకే అంది.

కొండ కింద సొరంగం దగ్గర ఎర్రలైటు పడింది. ఎదురుగా వచ్చే బళ్ళు అయ్యేదాకా ఆగాలి. పచ్చటి కొండ చిలకలు రెండు వచ్చి ముందు కారు అద్దాల చుట్టూ ఉన్న రబ్బరు పీకుతున్నాయి. "దీజ్ బర్డ్స్ ఆర్ సో నాటీ, అమ్మమ్మా" అంది మా అమ్మాయి. "మన తొమ్మిదో తరగతి బి సెక్షనే" అంది అమ్మ, అదీ రాసుకుంది. లైటు మారింది. సొరంగం లోపల గోడలకు సిమెంటు పూత లేదు, ఉలిగాట్లు పడ్డ నల్లరాయి, నీళ్ళు కారుతూ. దారి కిందికి దిగుతూ పోతోంది. అవతలికి వచ్చేసరికి ఇంకో లోకంలో పడ్డాం. ఆ లోయ అడుగున మా బస్సు పోతుంటే మేం ఎంత చిన్నవాళ్ళమో నాకు మొదటిసారి ఒంటికి తెలిసింది. భయం వేసింది, ఆ భయం బావుంది కూడా. ఇలాంటి చోట అబద్ధం పెట్టుకుని కూర్చున్నానే అని సిగ్గేసింది.

పడవ ఎక్కాం. సౌండ్ అంటే నది తొలిచిన లోయలోకి సముద్రం వచ్చింది, ఇది మంచు తొలిచింది, కాబట్టి సౌండ్ అనే పేరే తప్పు, దీన్ని ఫియర్డ్ అనాలి అని మైకులో చెప్పారు. అమ్మ గర్వంగా తల ఊపింది, తన విద్యార్థి సరైన జవాబు చెప్పినట్టు. నల్లటి నీళ్ళు, అల లేదు. ఆ నీళ్ళలోంచి కొండలు తిన్నగా లేచాయి. ఒడ్డు అనేదే లేదు. రాతి మీద మట్టి కూడా లేకుండా చెట్లు ఒకదాని వేళ్ళు ఒకటి పట్టుకుని వేలాడుతున్నాయి. ఒక్క చెట్టు జారితే ఆ పక్కవన్నీ కలిసి నీళ్ళలోకి వచ్చేస్తాయట. అలా జారిన చోట కొండ మీద పొడుగ్గా బోడి చార ఉంది. ఎదురుగా అంత పెద్ద పడవ వస్తుంటే కొండ కింద అది బియ్యపు గింజలా కనపడింది. అప్పుడర్థమైంది కొండ ఎంతదో.

మా అమ్మాయి ఫోను జేబులో పెట్టేసింది. "ఇట్ వోంట్ ఫిట్, అమ్మా" అంది. పుట్టి బుద్ధెరిగాక అది ఫోను తనంతట తను లోపల పెట్టడం నేను చూడ్డం అదే.

కొండ నడుమ ఎక్కడో పైన తెగిపోయిన ఇంకో లోయ, అందులోంచి జలపాతం దూకుతోంది. "వేలాడే లోయ!" అని అరిచింది అమ్మ. మరుక్షణం మైకులో గైడు ఇంగ్లీషులో అదే మాట అన్నాడు. పక్కనున్న నలుగురూ అమ్మవైపు తిరిగి చూశారు, ఈవిడకు ముందే ఎలా తెలుసన్నట్టు. పడవ ముక్కును ఆ జలపాతం కిందికే తీసుకెళ్తున్నారు, తడవకూడదనుకునేవాళ్ళు లోపలికి రండి అన్నారు. నేను అమ్మ చెయ్యి పట్టుకుని లాగాను. జలుబు చేస్తుంది, జ్వరం వస్తుంది, రేపు ఫ్లైటు ఉంది అన్నాను. చెయ్యి విదిలించుకుని ముందుకే నడిచింది. ఆ చప్పుడులో ఇక ఏ మాటా వినపడలేదు. తెల్లటి నీళ్ళలో అమ్మ మాయమైపోయింది. మళ్ళీ కనపడేసరికి జుట్టు, జాకెట్టు, చీర కుచ్చిళ్ళు అన్నీ కారుతున్నాయి. చిన్నపిల్లలా నోరు తెరుచుకుని నవ్వుతోంది. డెబ్బై ఏళ్ళ మనిషిని అంత ఆనందంగా నేనెప్పుడూ చూడలేదు.

తల తుడుస్తుంటే అమ్మ కళ్ళు పడవ నడిపే గది మీద పడ్డాయి. తలుపు తీసే ఉంది. లోపల పొడుగాటి అమ్మాయి చక్రం దగ్గర నిలబడి ఉంది. చూడొచ్చా అని అడిగితే నవ్వి రమ్మంది. ఆమె ముందు ఒక తెర ఉంది. దాని మీద ఏదో గీత మెల్లగా కదులుతోంది.

"అదేమిటో అడుగు" అంది అమ్మ.

అడిగాను. పడవ కిందికి శబ్దం పంపితే అది అడుక్కి తగిలి తిరిగొస్తుందట, దాన్నిబట్టి అడుగు ఎలా ఉందో తెర గీసి చూపిస్తుందట. అమ్మ అద్దాలు చీర కొంగుతో తుడుచుకుని వంగి చూసింది. చాలాసేపు చూసింది. లోతుగా దిగి, చదునుగా సాగి, మళ్ళీ గోడవైపు లేస్తున్న గీత. లావుపాటి, ఎక్కడా తెగని, నిండు గీత.

"చుక్కలు లేవే" అంది. తరవాత పడవ అదిరేలా నవ్వింది. "గెలిచింది దొంగమొహంది! ఎన్నేళ్ళనుంచి కొట్టుకుంటున్నాం! ఇవాళ హోటలుకెళ్ళగానే మొదట దానికి ఫోన్ చేస్తాను. ఓడిపోయానని నా నోటితో చెప్తే ఎంత ఎగురుతుందో చూడు!"

ఆ నవ్వు నేను భరించలేకపోయాను. సాయంత్రం, హోటలు, నా పట్టిక, అన్నీ పోయాయి. పడవ వెనక భాగంలో ఎవరూ లేని బెంచీ మీద అమ్మను కూర్చోబెట్టి, తడి చేతులు రెండూ పట్టుకుని చెప్పాను.

"అమ్మా, పిన్ని పోయింది."

అమ్మ ఏడవలేదు. టీచరు కదా, ప్రశ్నలు వేసింది.

"ఎప్పుడొచ్చింది కబురు?"

"పొద్దున. టీకి ఆగినప్పుడు."

"నేను మఫిన్ తింటున్నప్పుడా?"

"అవును."

"అంటే సొరంగానికి ముందు. ఇందాక ఆ అమ్మాయి దగ్గర నేను నవ్వుతుంటే నీకు తెలుసు."

"తెలుసమ్మా."

"నువ్వు ఆగింది నా కోసమా, నీ ట్రిప్పు కోసమా?"

నీ కోసమే అనబోయాను. అంత పెద్ద కొండల మధ్య ఆ మాట నోట్లోంచి రాలేదు. "రెండూ" అన్నాను. అమ్మ చేతులు వెనక్కి తీసుకుంది.

కాసేపటికి తన తల తడుముకుంది. జుట్టులోంచి ఇంకా నీళ్ళు కారుతున్నాయి. చావు కబురు వింటే కట్టుబట్టలతో తలస్నానం చెయ్యడం మా ఇళ్ళలో ఆచారం. అది చుట్టాలకే.

"స్నేహితురాలికి మైలేముంది, ఎవరూ పెట్టలేదు" అంది అమ్మ. "అయినా చూశావా, కబురు తెలియకముందే నాకు స్నానం చేయించేసింది." అప్పుడు ఏడ్చింది. మా అమ్మాయి ఎక్కడినుంచో చూసి పరుగెత్తుకొచ్చి, ఏమీ అడక్కుండా అమ్మమ్మను పట్టుకుని కూర్చుంది. పడవ సముద్రంవైపునుంచి వెనక్కి తిరిగింది. మేఘం కొద్దిగా విడిపోయి కొండ కొస ఒక్క నిమిషం కనపడింది, మంచుతో, ఊహించినదానికన్నా చాలా ఎత్తులో. ముగ్గురం చూశాం. ఎవరికోసమూ ఆగకుండా అది మళ్ళీ మూసుకుపోయింది. దుఃఖంలో ఉన్నప్పుడు అందం కనపడదంటారు. అబద్ధం. నాకు ఆ నిమిషం కనపడినంతగా ఆ రోజంతా ఏదీ కనపడలేదు.

తిరుగుదారిలో అమ్మ నోటుపుస్తకం ఒళ్ళో మూసిపెట్టుకుని కూర్చుంది. సొరంగం దాటాక ఒకే ఒక్క మాట మాట్లాడింది. "రేపు నేను పోయినప్పుడు దీనికి వెంటనే చెప్పు. ఏ పడవెక్కుతున్నా సరే." దీనికి అంటే తన భుజం మీద తల పెట్టి నిద్రపోతున్న మా అమ్మాయికి. సరేనన్నాను. తే అనౌలో సిగ్నల్ రాగానే పిన్ని కొడుక్కి నా ఫోను కలిపి ఇచ్చాను. బస్సు పక్కన, వానలో నిలబడి మాట్లాడింది. ఎవరెవరొచ్చారు, ఎప్పుడు తీసుకెళ్తున్నారు అని అడిగింది. గీత మాట ఎత్తలేదు.

మెల్‌బోర్న్ శివార్లలో, క్లైడ్ నార్త్‌లో మా ఇంటికి వచ్చాక నాలుగు రోజులు నాతో అవసరమైనంత వరకే మాట్లాడింది. తిన్నావా, స్టవ్ కట్టేశావా, అంతే. క్షమించమని అడిగాను. "సర్లే" అంది. అది క్షమించడం కాదని నాకు తెలుసు.

అయిదో రోజు ఆఫీసునుంచి వచ్చేసరికి మా డ్రైవ్‌వే మీద అమ్మ గొంతుక్కూర్చుని ఉంది. పక్కింటి పిల్లలు వదిలేసిన రంగు చాక్‌పీసుల డబ్బా పక్కన పెట్టుకుంది. మా అమ్మాయి జాగ్రఫీ అసైన్‌మెంటుకు ఫియర్డ్ రాసుకుంటానందట. కారు రోడ్డు మీదే ఆపి దిగాను. కాంక్రీటు నిండా పటం వేసింది. అటో గోడ, ఇటో గోడ, పైన వేలాడే లోయ, జలపాతం, అడ్డంగా నీలం రంగు నీటి మట్టం. ఇక మిగిలింది ఆ నీళ్ళ కింద.

తెల్ల చాక్‌పీసు తీసుకుంది. ఎడమ గోడనుంచి మొదలుపెట్టి, మోకాళ్ళ మీద జరుగుతూ, గట్టిగా నొక్కి, ఎక్కడా చెయ్యెత్తకుండా కుడి గోడదాకా గీసింది. సుద్ద పొడి రాలింది. నిండు గీత.

"బట్ అమ్మమ్మా, అది వాటర్ కింద ఉంది కదా. యూ కాంట్ సీ ఇట్. డాటెడ్ లైన్ కదా పెట్టాలి?" అంది మా అమ్మాయి.

అమ్మ ఆ గీతవైపే చూస్తూ అంది:

"నువ్వు చూడకపోతే లేనట్టా?"

అనేశాక ఆ మాట ఎవరిదో గుర్తొచ్చినట్టుంది, చాక్‌పీసు పట్టుకున్న చెయ్యి ఆగిపోయింది. నేను వెళ్ళి పక్కన కూర్చున్నాను. ఈసారి చెయ్యి పట్టుకుంటే వెనక్కి తీసుకోలేదు.